సదర్ సాబ్ ఆత్మకథకు మా బాపు రాయని నాలుగు మాటలు

మా గల్లీలో ఒక ఆత్మకథ పుట్టి, పెరిగి, అచ్చుకు నోచుకోకుండానే అయిపోయింది. దాన్ని మొదటి నుంచి చివరిదాకా చెవులారా విన్నవాళ్లలో ఇప్పటికి నేనొక్కదాన్నే మిగిలానేమో. రాసినాయన మా పక్కింటాయన. దిద్దినామె ఆయన భార్య. ముందుమాట రాయాల్సింది మా బాపు. నవ్వాపుకోలేక కొంగు నోట్లో కుక్కుకున్నది నేను.

ఇది యాభైల నడుమ సంగతి. దబీర్‌పురా స్టేషన్‌కు దగ్గర్లోనే మా ఇల్లు. రైలు పోతే గూట్లో గ్లాసులు గలగలమనేవి. మా తాత నాటి నుంచి అక్కడే ఉన్నాం. బాపు కోర్టులో గుమాస్తా. ఆయన ఉర్దూ చేతిరాత చూసి జడ్జీలే మెచ్చుకునేవారని అమ్మ గొప్పగా చెప్పేది. ఆ చేతిరాతకు బావిలోంచి ఒక్క బిందె నీళ్లు కూడా రావని ఆమే విసుక్కునేది. నేను అప్పుడే ఆడపిల్లల ప్రైమరీ స్కూల్లో పంతులమ్మగా చేరాను.

మాకూ పక్కింటికీ మధ్య ఒకటే గోడ. వెనక వాకిట్లో ఆ గోడకు మనిషి వంగి దూరేంత చిన్న తలుపు ఉండేది. పండగల పళ్లేలన్నీ దాంట్లోంచే తిరిగేవి. అటు నుంచి సేమ్యా, ఇటు నుంచి సకినాలు. పక్కింటామెను నేను ఖాలా, అంటే పిన్ని, అని పిలిచేదాన్ని. ఆమె పుట్టిల్లు మెదక్ దిక్కు పల్లె. పర్దా పాటించే మనిషే గానీ తెలుగు మాత్రం మాకంటే గడుసుగా మాట్లాడేది. పిల్లలు లేరు. ఆమె భర్తను గల్లీ అంతా సదర్ సాబ్ అనేవాళ్లు. సదర్ అంటే అధ్యక్షుడు. దేనికి అధ్యక్షుడంటే, నేను చెప్పే నాటికి దేనికీ కాదు.

ఒకప్పుడు నిజంగానే అధ్యక్షుడు. పాత సర్కారు ఆఖరి ఏడాది మా మొహల్లా వాలంటీర్ల దళానికి ఆయనే సదర్. ఖాకీ బట్టలు, తోలు పట్టీ, చేతిలో బెత్తం. పురానాపూల్ దగ్గర ఖాళీ జాగాలో ఆయన ఉపన్యాసం మొదలుపెడితే పోరగాళ్లు లాఠీలెత్తి అరిచేవాళ్లు. ఈ రాజ్యంలో ఎవరుండాలో ఎవరు పోవాలో అక్కడ నిలబడి ఆయనే తేల్చేసేవాడు. ఆ మాటలు నమ్మి జిల్లాలకు పోయిన పిల్లలు కొందరు తిరిగి రాలేదు. ఆ మాటలకు భయపడి ఇళ్లు వదిలిపోయినవాళ్లూ కొందరు తిరిగి రాలేదు. తర్వాత యూనియన్ సైన్యం వచ్చింది, సర్కారు మారింది, సదర్ సాబ్ జైలుకు పోయాడు. తిరిగి వచ్చేసరికి గడ్డం తెల్లబడింది. ఖాకీ పోయింది, దళం పోయింది, వెంట తిరిగినవాళ్లు మొహం చాటేశారు. సదర్ అన్న పిలుపు మాత్రం ఎవరూ తీసెయ్యలేదు. పదవి పోయినా పిలుపు ఉంచడం మా వైపు మర్యాద.

ఆ మర్యాదే ఆయన్ను పాడు చేసిందని నేనంటాను. జైలు నుంచి వచ్చిన కొన్నాళ్లకు ఆయన తన జీవితకథ రాయడం మొదలుపెట్టాడు. రాసిందాన్ని ప్రతి శుక్రవారం నమాజు అయ్యాక, మధ్యాహ్నం తన ముందు గదిలో పెద్దమనుషులను కూర్చోబెట్టి చదివి వినిపించేవాడు. ఒక పెద్ద కెటిల్ నిండా చాయ్, పళ్లెం నిండా నాన్‌ఖటాయిలు. మొహల్లా హకీం సాబ్, మా బాపు, ఇంకో నలుగురైదుగురు పింఛనుదార్లు. గదికీ లోపల ఆడవాళ్లుండే జనానాకూ మధ్య చిక్, అంటే వెదురు పుల్లల తెర, వేలాడేది. చిక్‌కు అవతల ఖాలా పీట వేసుకుని వక్కలు కత్తిరిస్తూ కూర్చునేది. ఆమె పక్కన నేను. ఆడదాన్ని కనక నాకు చిక్ వెనక చోటు ఉండేది, పంతులమ్మను కనక ఉర్దూ అంతా అర్థమయ్యేది.

మొదటి శుక్రవారమే తమాషా మొదలైంది. సదర్ సాబ్ గొంతు సవరించుకుని, తాను పుట్టిన రాత్రి ఆకాశంలో మెరుపులు మెరిశాయని, పిడుగు పడి ఊరంతా వణికిందని చదివాడు. పెద్దమనుషులు "వాహ్, వాహ్" అన్నారు. చిక్ వెనక నుంచి ఖాలా గొంతు వినిపించింది.

"పగటిపూట పుట్టిండ్రు. ఎండాకాలం. మా అత్తమ్మ నాకు పదిసార్లు చెప్పింది."

సదర్ సాబ్ కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. "బేగం, చరిత్రల జర రంగు ఉండాలె."

"రంగు వెయ్యుండ్రి. పిడుగెందుకు?"

పిడుగు పోయింది. మెరుపులు ఉండిపోయాయి.

తర్వాతి వారం తెల్ల గుర్రమెక్కి జనం మధ్యలోంచి పోయిన ఘట్టం. ఖాలా చేతిలో అడకత్తెర ఆగింది. "టాంగ మీద పోయిండ్రు. గుర్రం టాంగ ముందట ఉండె, మీరు ఎనకాల ఉండ్రి." హకీం సాబ్‌కు చాయ్ ముక్కులోకి ఎక్కి దగ్గు వచ్చింది. ఇంకో వారం జైల్లో నిరాహారదీక్ష చదివాడు. తిండి మానేసి గోడకానుకుని తాను ఎలా శుష్కించిపోయాడో రెండు పేజీలు. ఖాలా అంతా ఓపిగ్గా విని, "మరి నేను పంపిన టిఫిన్ డబ్బ ఖాళీ చేసి కడిగి పంపింది ఎవరు?" అని అడిగింది. సదర్ సాబ్ కాసేపు ఆలోచించి, పక్క ఖైదీలకు పంచిపెట్టానని అక్కడే రెండు ముక్కలు చేర్చాడు. "వాహ్, ఏమి త్యాగం" అన్నారు పెద్దమనుషులు.

నాకు ఇక్కడే ఒళ్లు మండేది. ఆ వాహ్ అంటున్న హకీం సాబ్ మందుల అల్మారా అద్దాలను సదర్ సాబ్ పోరగాళ్లే పగలగొట్టారు, దళానికి చందా ఇయ్యలేదని. అదే హకీం సాబ్ అందరికంటే ముందు వాహ్ అనేవాడు. ఒకరోజు గల్లీ మలుపులో ఆపి అడిగేశాను.

"హకీం సాబ్, మీకు కోపం రాదా? ఎందుకు తల ఊపుతరు?"

ఆయన గొడుగు మీద బరువేసి నిలబడి నవ్వాడు. "బేటీ, పిలిచి కూసోబెట్టి చాయ్ పోసినోణ్ణి మొఖం మీద కాదంటమా? మన తాన గట్ల నడ్వదు. మల్ల, ఆయనింట్ల నాన్‌ఖటాయిలు మస్తుంటయ్."

ఇదీ మా వాళ్ల సంగతి. ఎదుటివాడు చదువుతుంటే వాహ్ అనకపోతే అది తప్పు. వాహ్ అన్నంత మాత్రాన ఒప్పుకున్నట్టు కాదని అందరికీ తెలుసు. సదర్ సాబ్ కూడా అలాంటి మర్యాదల్లోనే పెరిగాడు, ఆయనకూ తెలియాలి. కానీ ఆయన వినదలచుకున్నదే విన్నాడు. ప్రతి శుక్రవారం అయ్యాక అందరినీ గడప దాకా సాగనంపి, ఛాతీ నిండా గాలి పీల్చుకుని, "చూస్తివా బేగం, షహర్ నన్ను మాఫ్ చేసింది" అనేవాడు. ఖాలా ఎంగిలి కప్పులు పళ్లెంలో పెట్టుకుంటూ, "షహర్ చాయ్ తాగింది" అనేది.

ఇలా నవ్వుతూ నవ్వుతూ పోయిన కథ ఒక శుక్రవారం మా ఇంటి గడప దగ్గరికి వచ్చింది. అక్కడ ఏం జరిగిందో ముందు నేను చెప్పాలి.

ఆ ఆఖరి ఏడాది మా గల్లీలో హిందువుల ఇళ్లు చాలావరకు ఖాళీ అయ్యాయి. మేం పోలేకపోయాం. అమ్మ అప్పుడే తమ్ముణ్ణి కన్నది, మంచం మీద నుంచి లేవలేదు. అదే రోజుల్లో సదర్ సాబ్ మనుషులు ఒక కాగితం పట్టుకుని తిరుగుతున్నారు. ఈ సర్కారులో మాకు ఏ బాధా లేదు, యూనియన్ మాకు వద్దు అని మొహల్లా హిందూ పెద్దలు దస్తఖతు పెట్టాలి. బాపు పెట్టనన్నాడు. "బాధ లేకుంటే దస్తఖత్ ఎందుకు సాబ్?" అని మర్యాదగానే అడిగాడు. రెండోసారి అడగడానికి సదర్ సాబ్ స్వయంగా వస్తాడని, వస్తే బాపును తీసుకుపోతారని కబురు వచ్చింది.

ఆ మధ్యాహ్నం వెనక తలుపులోంచి ఖాలా వచ్చింది. భుజం మీద గోనెపట్టా, చేతిలో సుత్తి. బియ్యం సంచులు విప్పి కుట్టిన పర్దా అది. పేద ముసల్మానుల ఇళ్ల ముందు అలాంటి గోనె పర్దాలే ఉండేవి. దాన్ని మా వీధి గుమ్మానికి మేకులు కొట్టి వేలాడదీసింది. "అందరు లోపలికి పోండ్రి. గొంతు బయటికి రావద్దు" అంది. బాపు అమ్మ మంచం దగ్గరికి పోయాడు. నేను పోలేదు. నాకప్పుడు పన్నెండేళ్లు ఉంటాయి. ఖాలా కుర్తా అంచు పట్టుకుని పర్దా వెనక నిలబడ్డాను.

బూట్ల చప్పుడు వచ్చింది. గోనెసంచి సందుల్లోంచి ఖాకీ కనబడింది. గడప అవతల సదర్ సాబ్, ఇవతల ఆయన భార్య. మధ్యలో ఒక గోనెపట్టా.

పర్దా కట్టిన గుమ్మంలోకి పరాయి మగవాడు అడుగుపెట్టడు. బయట నిలబడి అడుగుతాడు. లోపలి ఆడవాళ్లు ముక్కూమొహం తెలియని పరాయివాడికి గొంతు వినిపించరు, ఔనంటే తలుపు గొలుసు ఆడిస్తారు, కాదంటే ఊరుకుంటారు. ఖాలా నమ్ముకున్నది ఈ ఒక్క రివాజునే. గొంతు విప్పితే ఆయన గుర్తుపడతాడు, గొలుసును ఎవరు గుర్తుపడతారు?

"ఇంట్ల మగవాళ్లున్నరా?" అని ఆయన అడిగాడు. గొలుసు కదలలేదు.

"ఈ ఇంటోళ్లు పోయిండ్రా?" ఖాలా గొలుసు ఆడించింది.

"మీరు జిల్లాల నుంచి వచ్చిండ్రా అమ్మా?" గొలుసు మళ్లీ గలగలమంది. అప్పట్లో జిల్లాల నుంచి పారిపోయి వచ్చిన ముసల్మాను కుటుంబాలు ఖాళీ ఇళ్లలో తలదాచుకుంటుండేవి. లోపల తమ్ముడు కేర్‌మని ఏడ్చాడు. ఖాలా చెయ్యి నా భుజం మీద రాయిలా బిగుసుకుంది.

"ముఆఫ్ చెయ్యి చెల్లె. ఫికర్ చెయ్యకు" అన్నాడు సదర్ సాబ్. బూట్ల చప్పుడు దూరమైపోయింది.

ఖాలా అక్కడే నేల మీద కూలబడింది. అమ్మ మంచం మీద నుంచే మంచినీళ్లిమ్మని నాకు కేకేసింది. నీళ్లు తాగి, ఊపిరి తీసుకుని, ఖాలా ఒక్కసారిగా నవ్వడం మొదలుపెట్టింది. "నన్ను చెల్లె అన్నడు. పెళ్లాన్ని పట్టుకుని చెల్లె అన్నడు!" నవ్వు ఆగాక మా బాపు వైపు చూడకుండా, నేల చూస్తూ చెప్పింది. "భాయ్, ఈ ముచ్చట ఆయన చెవిల పడితే మూడు ముక్కలల్ల తలాక్ చెప్పి నన్ను ఇడిచిపెడ్తడు. నాకు ఈ ఇంట్ల జాగ ఉండది. పుట్టింట్ల కూడా ఎవ్వరు లేరు."

"ఈ గోడ దాటది బహెన్" అన్నాడు బాపు. సైన్యం వచ్చేదాకా, గోడ తలుపులోంచి ఖాలా పంపింది తింటూ మేం ఆ గోనెపట్టా వెనకే ఉన్నాం. తర్వాత పర్దా విప్పేశాం. చుట్టాలింటికి పోయి వచ్చామని సదర్ సాబ్‌కు చెప్పాం. ఆయన నమ్మాడు.

ఇప్పుడు ఆ శుక్రవారానికి వస్తాను. సదర్ సాబ్ ఆ రోజు చదివింది ఈ ఘట్టమే, తన పద్ధతిలో. గడబిడ రోజుల్లో తన హిందూ పొరుగువాడికి ధైర్యం చెప్పడానికి ఆయన స్వయంగా వెళ్లాడట. పొరుగువాడు అప్పటికే వెళ్లిపోయాడట. ఆ గుమ్మానికి ఒక దిక్కులేని చెల్లెలి పర్దా కనబడితే తల వంచి వెనక్కి తిరిగాడట. ఆ ఇంటికి కాపలాగా గల్లీ మొదట్లో ఇద్దరు కుర్రాళ్లను నిలబెట్టాడట. అందుకే ఆ ఇంట్లోంచి ఒక్క చెంచా కూడా పోలేదట. పెద్దమనుషులు వాహ్ వాహ్ అన్నారు. పక్కన అడకత్తెర ఆగిపోయింది. పిడుగును, గుర్రాన్ని, టిఫిన్ డబ్బాను వదలని ఖాలా నోరు మెదపలేదు.

సదర్ సాబ్‌కే అనుమానం వచ్చింది. "బేగం, దీంట్ల గలతీలు ఏం లేవా?"

"లేవు" అంది ఖాలా.

ఆయన సంబరం చూడాలి. మొదటిసారి ఒక ఘట్టం అక్షరం పోకుండా నిలిచింది. ఆ ఊపులో మా బాపు చెయ్యి పట్టుకున్నాడు. ఉర్దూ పుస్తకాలకు ముందు పెద్దమనుషులతో నాలుగు మంచి మాటలు రాయించడం ఆనవాయితీ. దాన్ని తక్రీజ్ అంటారు. "నా కితాబుకు తక్రీజ్ మీరే రాయాలె. ఆ దినం నేను మీ ఇల్లు కాపాడిన అని మీ చేత్తో రెండు ముక్కలు రాయుండ్రి. హిందువు రాసిండంటే నా మొఖం మీది మసి పోతది. మున్సిపాలిటీ ఎలక్షన్లకు కూడా నిలబడొచ్చు." అందరూ బాపును చూశారు. బాపు మర్యాద మనిషి. కాదనలేకపోయాడు, ఔననలేకపోయాడు. "చూద్దాం సాబ్" అని చెప్పులు వేసుకుని వచ్చేశాడు.

ఆ రెండు వారాలు మా ఇంట్లో లొల్లే లొల్లి. రాస్తే పచ్చి అబద్ధం. దానికింద తన దస్తఖతు. రాయనంటే ఎందుకు రాయవని అడుగుతాడు, అసలు సంగతి బయటపడితే ఖాలా ఇల్లు కూలుతుంది. బాపు సాయంత్రాలు ఇంటికి రావడం మానేసి, సదర్ సాబ్ కంట పడకుండా స్టేషన్‌లో బెంచీ మీద కూర్చుని పోయే రైళ్లు చూసేవాడు. కడుపునొప్పి అని చెప్పి ఒక శుక్రవారం ఎగ్గొట్టాడు. ఖాలా వెంటనే గోడ తలుపులోంచి వాము కషాయం పంపింది. బాపు అది కూడా తాగాల్సి వచ్చింది.

"ఎన్నేండ్ల నుంచి చూస్తున్న, ఆయనకు నీ దస్తఖత్ మీదనే కన్ను" అంది అమ్మ. "అప్పుడు బెత్తం పట్టుకోని అడిగిండు, ఇప్పుడు బిస్కెట్లు పెట్టి అడుగుతుండు."

"అప్పుడే సులువుగ ఉండె" అన్నాడు బాపు. "బెత్తం పట్టినోనికి లేదని చెప్పొచ్చు."

నేను ఊరుకోలేక ఖాలా దగ్గరికి పోయాను. ఆమె బియ్యంలో రాళ్లు ఏరుతోంది. బాపు అవస్థ అంతా చెప్పాను.

"రాసెయ్యుమను" అంది తల ఎత్తకుండా. "రెండు ముక్కలే గద. ముసలోడైండు. గా అబద్ధం లేకుంటే ఆయనకు పొద్దు పోదు."

"నీకు బాధ లేదా ఖాలా?"

"ఉంది. లేకుండ ఎట్లుంటది?" అని చేట విదిలించింది. "గని ఈ వయసుల నేనేడికి పోవాలె చెప్పు."

ఆ మాట బాపుకు చెప్పాను. ఆమే రాయమంటున్నది కదా అని అమ్మ కూడా అంది. బాపు కాగితం ముందు పెట్టుకున్నాడు, కలం సిరాలో ముంచాడు, ఆరిపోయింది, మళ్లీ ముంచాడు. చివరికి కలం కింద పెట్టేశాడు. "ఇంత చేసిన మనిషిని లేదని నా చేత్తోని ఎట్ల రాస్త? రాయ. ఎందుకు రాయనో కూడా చెప్ప. ఏమనుకుంటడో అనుకోనీ." బాపు మీద నాకు అప్పుడు ఎంత ప్రేమ వచ్చిందో చెప్పలేను. ఎంత భయం వేసిందో కూడా.

శుక్రవారం వచ్చింది. గది నిండా జనం. తక్రీజ్ వింటామని హకీం సాబ్ కొత్త షేర్వానీ వేసుకుని వచ్చాడు. చిక్ వెనక ఖాలా, నేను. బాపు లేచి నిలబడి చేతులు జోడించాడు.

"సదర్ సాబ్, ముఆఫ్ చెయ్యుండ్రి. ఈ తక్రీజ్ నాతోని కాదు. ఎందుకని అడగకుండ్రి."

సదర్ సాబ్ మొహం ఎర్రబడింది. ఇంతమంది ముందు ఆయనను కాదన్నవాడు జైలు నుంచి వచ్చాక లేడు. "కాదంటవా? అయితే నీ ఇల్లు దానంతటదే నిలబడ్డదా? నేను కాపలా పెట్టకుంటే ఏమయ్యేటిదో ఎరుకనా?" అని లేచాడు. గొంతు పెరిగింది. పురానాపూల్ దగ్గర మైదానంలో వినిపించిన ఆ పాత గొంతే. "ఇన్నేండ్లు నా నీడల బతికి, రెండు ముక్కలు రాయనీకి చేతులు రావా? నమక్‌హరామ్!"

బాపు తల వంచుకుని నిలబడ్డాడు. నా పక్కన అడకత్తెర ఠపీమని పళ్లెంలో పడింది.

"బస్" అంది ఖాలా. "ఆయనను ఏమనకుండ్రి. ఆ దినం వాళ్లు ఇంట్లనే ఉండిరి. ఆ పర్దా కట్టింది నేను. గొలుసు ఆడించింది నేను."

సదర్ సాబ్ చిక్ వైపు తిరిగాడు. "నువ్వా? నువ్వు మీ మేనత్త ఇంటికి పోయిన అంటివి."

"అబద్ధం చెప్పిన."

"పోరగాండ్లకు భయపడి కట్టినవా?"

"పోరగాండ్లకు ఎందుకు భయపడ్త? చెవులు పిండి ఇంటికి తోలుతుంటి" అంది ఖాలా. "మీకు భయపడి కట్టిన."

ఇక ఎవరూ కూర్చోలేదు. ఉన్నపళంగా పనులు గుర్తొచ్చాయి అందరికీ. ఆ తొక్కిసలాటలో హకీం సాబ్ ఒక కాలికి తన జోడు, ఒక కాలికి మా బాపు చెప్పు వేసుకుని పోయాడు. బాపు మాత్రం కదల్లేదు. గదిలో ఇక ఆయనా, సదర్ సాబే. సదర్ సాబ్ మెల్లగా వచ్చి చిక్ ముందు నిలబడ్డాడు. ఆ మూడు ముక్కలు ఇప్పుడంటాడు, ఇప్పుడంటాడు అని నేను ఖాలా చెయ్యి గట్టిగా పట్టుకున్నాను.

"ఆ దినం నేను పర్దా ఎత్తుంటే?" అని అడిగాడు. గొంతులో మైదానం లేదు.

"ఎత్తలే గద" అంది ఖాలా. "ఎత్తలేదు గన్కనే ఇన్నేండ్లు మీకు వండి పెడ్తున్న. ఎత్తి ఉంటే మీరు ఇడిచేదాక ఆగుదునా? నేనే పోతుంటి. జాగ ఉన్నా లేకున్నా."

ఆయన మూడు ముక్కలూ అనలేదు, ఒక ముక్కా అనలేదు. కుర్చీలో కూర్చుని రెండు చేతులతో మొహం కప్పుకున్నాడు. కాసేపటికి తలెత్తి, బాపును చూసి, పూర్తిగా బెంబేలెత్తిన మొహంతో, "భాయ్, నేను ఆమెను చెల్లె అన్ననా?" అన్నాడు. అది మతం ప్రకారం తప్పేమోనని ఆయన గుబులు. చిక్ వెనక ఖాలాకు నవ్వాగలేదు. నాకసలే ఆగలేదు. తర్వాత హకీం సాబ్ చెప్పు తిరిగివ్వడానికి వచ్చినప్పుడు సదర్ సాబ్ దాని గురించే అడిగాడు. తెలియక అన్నదానికి తప్పు లేదని ఆయన ధైర్యం చెప్పి పోయాడు.

ఆత్మకథ అంత తొందరగా చావలేదు. వారం తిరక్కుండానే సదర్ సాబ్ ఆ ఘట్టం మళ్లీ రాశాడు. ఈసారి వినడానికి బాపును ఒక్కణ్ణే పిలిచాడు. కొత్త కథలో, గొలుసు చప్పుడు వినగానే అది తన బేగమేనని ఆయన పోల్చుకున్నాడు. అన్నీ తెలిసే, పెద్దమనసుతో, ఏమీ తెలియనట్టు వెనక్కి తిరిగాడు.

"ఎరుక లేదు మీకు" అంది ఖాలా.

"జర ఎరుక ఉండె."

"ఇసుమంత లేదు."

ఆయన ఆ పేజీ కొట్టేశాడు. "మరేం రాయాలె చెప్పు" అన్నాడు చిరాగ్గా. "పట్టుకపోనీకి పోయిన. పర్దా ఉంటే తిరిగొచ్చిన. గంతే రాయుండ్రి" అంది ఆమె. "గంతేనా? గా రెండు ముక్కలకు తక్రీజ్ ఎవరు రాస్తరు?" బాపు గొంతు సవరించుకున్నాడు. "దానికైతే నేను రాస్త సాబ్. పేజీ నిండ రాస్త."

సదర్ సాబ్ ఆ రెండు ముక్కలూ ఎన్నడూ రాయలేకపోయాడు. అవి రాస్తే ముందున్న మెరుపులు, వెనకున్న త్యాగాలు అన్నీ రాలిపోతాయని ఆయనకు తెలుసు. ఆ రెండు ముక్కలు లేకుండా పుస్తకం వేస్తానంటే ఖాలా ఒప్పుకోలేదు. అలా అది అచ్చు కాలేదు, ఎలక్షన్ల మాట కూడా మళ్లీ ఎత్తలేదు. శుక్రవారాలు మాత్రం సాగాయి. చదువు లేని చాయ్ ఇంకా రుచిగా ఉందని హకీం సాబ్ అన్నాడు.

ఒక్కటి మారింది. అంతకుముందు సదర్ సాబ్ తన ఇంట్లో ఎక్కడికైనా దర్జాగా తోసుకుపోయేవాడు. ఆ తర్వాత జనానాలోకి రావాలంటే చిక్ బయట ఆగి, దగ్గి, "బేగం, రావొచ్చునా?" అని అడిగేవాడు. సొంత ఇంట్లో, సొంత పెళ్లాన్ని. ఆమె రమ్మనేదాకా అడుగు వేసేవాడు కాదు.

ఒకసారి నేనూ ఖాలా లోపల కూర్చుని చిక్కుడుకాయలు ఒలుస్తున్నాం. బయట దగ్గు వినిపించింది, ఆయన అడిగాడు. ఖాలా పలకలేదు. ఇంకో కాయ తీసుకుని తాపీగా ఈనె లాగింది. ఆయన మళ్లీ అడిగాడు. చిక్ సందుల్లోంచి ఆయన నిలబడ్డ నీడ కనిపిస్తోంది.

"పాపం, రమ్మను ఖాలా. కాళ్లు నొస్తయి" అన్నాను నవ్వుతూ.

ఆమె నవ్వలేదు. "నిలబడనీ జరంత సేపు" అంది. "గోనెపట్ట ఎనక నేను ఇంతకంటే ఎక్కువనే నిలబడ్డ."

ఇంకో రెండు కాయలు ఒలిచి, చేతులు దులుపుకుని, అప్పుడు "రాండ్రి" అంది.